పత్రిక ఆమెకు భర్త నుంచి వచ్చింది కాదు

ఎడిటర్ గారికి,

నమస్కారం. పోయిన ఆదివారం అనుబంధంలో అమెరికాలో వాషింగ్టన్ పోస్ట్ పత్రికను నడిపిన క్యాథరిన్ గ్రాహం మీద మీరు వేసిన వ్యాసం చదివాను. బాగానే ఉంది, ఒక్క వాక్యం దగ్గర మాత్రం ఆగిపోయాను. 'భర్త మరణంతో వారసత్వంగా వచ్చిన వాషింగ్టన్ పోస్ట్' అన్నారు. చాలామంది అలాగే రాస్తారు కాబట్టి మిమ్మల్ని పెద్దగా అనను, కానీ ఆ పత్రిక ఆమె భర్తది కాదండీ, ఆమె నాన్నది.

దివాలా తీసిన పోస్ట్‌ను 1933 జూన్‌లో వేలం వేస్తే ఆమె నాన్న యూజీన్ మేయర్ 8,25,000 డాలర్లకు పాడుకున్నారు. అప్పటికి క్యాథరిన్‌కు పదహారేళ్లు నిండబోతున్నాయి. తమాషా ఏమిటంటే, పేపరు కొన్న సంగతి ఇంట్లో ఎవరూ ఆమెకు చెప్పలేదు, తర్వాతెప్పుడో మాటల మధ్యలో తెలిసింది. ఆడపిల్లకు ప్రత్యేకంగా చెప్పాల్సిన విషయం అనిపించలేదు కాబోలు.

పోనీ ఆమెకు పత్రికల మీద ఆసక్తి లేదా అంటే, ఉంది. 1938లో షికాగోలో డిగ్రీ అయ్యాక శాన్‌ఫ్రాన్సిస్కోలో ఒక పేపర్లో రిపోర్టరుగా చేరి కార్మికుల గొడవలు రాసింది, యూనియన్ వాళ్లతో స్నేహం చేసింది. ఆ తర్వాత నాన్న పోస్ట్‌కు పిలిపించుకుని ఏ పని ఇచ్చారో తెలుసా? పాఠకుల ఉత్తరాలు చూసే పని! వారానికి 25 డాలర్లు. ఇప్పుడు నేను రాస్తున్న ఇలాంటి ఉత్తరాలనే కోసి, దిద్ది, వేసిందన్నమాట. ఈ ముక్క మీ వ్యాసంలో లేకపోవడం నాకు కాస్త బాధేసింది.

1946లో మేయర్ ప్రపంచ బ్యాంకుకు వెళ్తూ పత్రికను అల్లుడు, అంటే క్యాథరిన్ భర్త, ఫిల్ గ్రాహం చేతిలో పెట్టారు. ఆ తర్వాత ఓటు హక్కున్న 5,000 షేర్లు పంచితే అల్లుడికి 3,500, సొంత కూతురికి 1,500. ఏ మగాడూ పెళ్లాం కింద పనిచేసే పరిస్థితిలో ఉండకూడదని ఆయన అభిప్రాయం. ఆమె కూడా అప్పుడు అది సబబే అనుకుంది, అదీ అసలు విషయం. (మామ పత్రిక అల్లుడికి రావడం మనకు కొత్తేం కాదు. 1938లో కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు గారు పోయాక ఆంధ్రపత్రిక చూసుకున్నది అల్లుడు శివలెంక శంభుప్రసాద్ గారే.) ఫిల్ గ్రాహం తెలివైనవాడే, కానీ మానసిక వ్యాధితో నలిగిపోయాడు. చివరి ఏడాది ఆమెను వదిలేసి పత్రికను కూడా తీసుకుపోతానన్నాడు. 1963 ఆగస్టు 3న ఆత్మహత్య చేసుకున్నాడు. అలా వచ్చింది ఆమె చేతికి, 46 ఏళ్ల వయసులో. వారసత్వం అంటారా దాన్ని? చుట్టూ తిరిగి తిరిగి, ఇంకెవరూ మిగలక ఆమె దగ్గరికి చేరింది. ఆఫీసు క్రిస్మస్ పార్టీలో 'మెర్రీ క్రిస్మస్' అనే రెండు మాటలు చెప్పడానికి ముందే ప్రాక్టీస్ చేసుకుందట, అంత టెన్షన్.

అధ్యక్షుడు నిక్సన్ పదవి పోగొట్టిన వాటర్‌గేట్ కుంభకోణం గురించి మీరు వివరంగానే రాశారు, నేను మళ్లీ ఎత్తను. నా దృష్టిలో అంతకంటే గట్టి పరీక్ష 1971 జూన్ 17 రాత్రి. పెంటగాన్ పత్రాలు, అంటే వియత్నాం యుద్ధం మీద ప్రభుత్వం దాచిన రహస్య పత్రాలు, వెయ్యకుండా న్యూయార్క్ టైమ్స్‌ను కోర్టు ఆపేసింది. అవే పత్రాలు పోస్ట్‌కు దొరికాయి. ఎడిటర్ బెన్ బ్రాడ్లీ ఇంట్లో విలేకరులు ఒక గదిలో రాస్తున్నారు, లాయర్లు ఇంకో గదిలో వద్దంటున్నారు. ఇక్కడ ఈమె ఇంట్లో ఒక ఉద్యోగికి వీడ్కోలు పార్టీ. మధ్యలో ఫోను. కంపెనీ షేర్లు మొదటిసారి జనానికి అమ్మకానికి పెట్టి అప్పటికి సరిగ్గా రెండు రోజులు! కేసు పడి శిక్ష పడితే కంపెనీకున్న టీవీ స్టేషన్ల లైసెన్సులు కూడా పోవచ్చు. తను బాగా నమ్మే కంపెనీ ఛైర్మన్ ఫ్రిట్జ్ బీబీని అడిగితే 'నేనైతే వెయ్యనేమో' అన్నాడు. ఆ 'ఏమో' పట్టుకుంది ఆమె. గుటక మింగి, కానివ్వండి, వేసేద్దాం అంది. జూన్ 30న సుప్రీంకోర్టు 6–3తో పత్రికల పక్షాన నిలిచింది. కానీ ఫోన్ పట్టుకున్నప్పుడు ఆ సంగతి ఆమెకు తెలియదు కదా.

అలాగని దేవతను చెయ్యకండి. 1975 అక్టోబరు 1 తెల్లవారుజామున ప్రెస్ కార్మికులు యంత్రాలు పాడుచేసి, ఫోర్‌మన్‌ను కొట్టి సమ్మెకు దిగారు. అది తప్పే. కానీ నెలల తరబడి సాగిన ఆ గొడవ చివర ఆమె కొత్తవాళ్లను పెట్టుకుంది, ప్రెస్ యూనియన్ అక్కడితో సరి. ఒకప్పుడు యూనియన్ వాళ్లతో తిరిగిన రిపోర్టరేనా ఈవిడ అనిపిస్తుంది. మీ వ్యాసం ఇది ఒక్క ముక్కలో తేల్చేసింది, నాకు నచ్చలేదు.

ఆ సమ్మె రోజుల్లో ఆమె స్వయంగా ఫోన్ దగ్గర కూర్చుని క్లాసిఫైడ్స్ రాసుకుంది, ఆదివారం పేపర్లు కట్టలు కట్టింది. నేనూ ఒక పేపర్లో ఇరవై రెండేళ్లు ఆ క్లాసిఫైడ్స్ పనే చేశాను. అవతలివాళ్లు పేరు ఒకసారి చెప్తారు, ఇంటిపేరు మింగేస్తారు, ఫోన్ నంబర్లో ఒక అంకె తప్పు రాస్తే మర్నాడు పొద్దున్నే తిట్లు, పదాలు లెక్కపెట్టి డబ్బులు చెప్తే బేరాలు. యజమానులెవరూ మా కౌంటర్ దాకా వచ్చి చూసింది లేదు. ఆమె కూర్చుంది, సమ్మె విరగ్గొట్టడానికే అయినా కూర్చుంది. అందుకే ఈవిడ మీద నాకు కోపమూ గౌరవమూ రెండూ ఉన్నాయి.

1979లో కొడుకు డొనాల్డ్‌ను పబ్లిషర్‌ను చేసింది, 2001 జులైలో కన్నుమూసింది. 2013లో ఆ కుటుంబం పత్రికను జెఫ్ బెజోస్‌కు 25 కోట్ల డాలర్లకు అమ్మేసింది. ఇవి మీరు రాసినవే.

సవరణ వేస్తారని ఆశిస్తున్నాను. ఉత్తరం పొడుగైందని మీ ఉత్తరాల డెస్కు వాళ్లు కోస్తే కొయ్యనివ్వండి, 3,500, 1,500 ఉన్న వాక్యం మాత్రం ఉంచమని చెప్పండి.

ఇట్లు,
క్లాసిఫైడ్స్‌లో చేసి రిటైరైన మీ పాఠకురాలు