బండి విడిపించుకోవడానికి హైకోర్టు దాకా వెళ్లాలా?

పర్మిట్ లేదనో, రిజిస్ట్రేషన్ లేదనో రవాణా అధికారులు పట్టుకున్న వాహనాల విడుదల కోసం యజమానులు హైకోర్టులో రిట్ పిటిషన్లు వేయాల్సి రావడం అన్యాయం. మోటారు వాహనాల చట్టం (1988) 207వ సెక్షన్ బండిని పట్టుకునే అధికారంతో పాటు, యజమాని కాగితాలతో దరఖాస్తు చేస్తే పరిశీలించి షరతులతో వదిలే అధికారాన్నీ ఇచ్చింది. గడువు మాత్రం పెట్టలేదు. చిక్కంతా అక్కడే. మా వీధిలోని మ్యాక్సీక్యాబ్ యజమాని దరఖాస్తు ఇస్తే రసీదు ఇవ్వలేదు, కాదంటూ ఉత్తర్వూ ఇవ్వలేదు. అమరావతికి రెండుసార్లు తిరిగి, వకీలు ఫీజు కట్టి ఆయన తెచ్చుకున్న ఉత్తర్వులో ఉన్నది దరఖాస్తును పరిశీలించమనే! ఈలోగా బండి ఎండకూ వానకూ తుప్పు పట్టింది, ఫైనాన్స్ వాయిదాలు ఆగలేదు. తప్పు చేసినవాళ్లకు జరిమానా వేయాల్సిందే, ప్రయాణికుల ప్రాణాలతో ముడిపడ్డ విషయమది. కానీ అదే చట్టం 48వ సెక్షన్‌లో, బండి రిజిస్ట్రేషన్‌ను వేరే రాష్ట్రానికి మార్చుకోవడానికి కావాల్సిన నిరభ్యంతర పత్రానికి (ఎన్‌ఓసీ) 30 రోజుల గడువుంది, ఆలోగా కాదనకపోతే ఇచ్చినట్టే లెక్క. అలాగే విడుదల దరఖాస్తుకూ ఏడు రోజుల గడువు పెడుతూ రవాణా కమిషనర్ ఆదేశాలివ్వాలి. దరఖాస్తు అందిన రోజే రసీదు ఇవ్వాలి, కాదంటే కారణం రాసివ్వాలి.

– ఒక పాఠకుడు