సింహాచలం కొండకి మాతో వచ్చిన డ్రైవరన్నకి థాంక్స్

మొన్న ఆదివారం అమ్మనీ అత్తయ్యనీ తీసుకుని సింహాచలం వెళ్ళాం, కారు మాట్లాడుకున్నాం, డ్రైవరన్నే గైడు కూడా, పేరు రాస్తే ఇబ్బంది పడతాడేమో అని రాయట్లేదు గానీ అన్నా నీకు చాలా చాలా థాంక్స్. అమ్మకి మోకాళ్ళ నొప్పులు, అయినా మెట్లదారిలో కాస్తయినా నడవాలని పట్టు, ఈయనేమో విసుక్కోకుండా కొండ కింద మొదటి మెట్టు, అదే తొలిపావంచా దగ్గర కొబ్బరికాయ కొట్టించి, చెయ్యి పట్టుకుని కొన్ని మెట్లు ఎక్కించి, మళ్ళీ కార్లో ఘాట్ రోడ్డు మీదుగా పైకి తీసుకెళ్ళాడు. దారంతా కబుర్లే. గుడి పడమర ముఖంగా ఉంటుందంట, 1516లో కృష్ణదేవరాయలు వచ్చినట్టు శాసనం ఉందంట, స్వామికి ఏడాదంతా చందనం పూతే, నిజరూప దర్శనం అక్షయ తృతీయ నాడు మాత్రమే (ఇది తెలుసులెండి, వైజాగ్‌లో తెలీనిదెవరికి!). అత్తయ్య గుళ్ళో భక్తులు కౌగిలించుకునే కప్పస్తంభం దగ్గర క్యూలో ఉన్నంతసేపూ అమ్మ పక్కనే కూర్చున్నాడు, అది డబ్బులకి చేసే పని కాదు. దిగాక పనస తొనలు కూడా ఆయనే బేరమాడి ఇప్పించాడు, ఎక్స్‌ట్రా ఇస్తే ససేమిరా అన్నాడు. ఇది చూస్తే ఒకసారి ఫోన్ చెయ్యన్నా, కొండకి అవతల మాధవధార వైపు మెట్లు చూపిస్తానన్నావ్ కదా, అమ్మ రోజూ అడుగుతోంది.