రోడ్డు దాటితే గంట తేడా

ఒరేయ్ శీనూ,

ఫోన్లో చెబుదామంటే నువ్వు ఎప్పుడూ మీటింగుల్లోనే ఉంటావు, పైగా ఇది రెండు ముక్కల్లో తేలే సంగతి కాదు, అందుకే తీరిగ్గా కూర్చుని రాస్తున్నాను. మన ఊరి వెనక గుట్ట మీద పెద్ద గుండు గుర్తుందా? దాని అవతలి పక్క కూర్చుంటే టైం కదలదని, ఆదివారం సాయంత్రం అక్కడ దాక్కుంటే సోమవారం బడి రాదని చెప్పేవాడివి. నేను నమ్మేవాణ్ణి కూడా. దాదాపు అలాంటి చోటు ఒకటి ఉందిరా. జులైలో అక్కడ రెండు రాత్రులు ఉండి వచ్చాను.

మా ఫీనిక్స్ నుంచి ఉత్తరంగా కారులో నాలుగు గంటలు పోతే ట్యూబా సిటీ అని చిన్న ఊరు. ఎటు చూసినా ఎర్రమట్టి, ఎర్రరాయి, మన అనంతపురం ఎండను ఇంకా నాలుగు రోజులు ఎండబెట్టినట్టు ఉంటుంది. అక్కడ 160, 264 నంబర్ల హైవేలు రెండూ కలిసే కూడలి ఉంది. కూడలికి ఒక పక్క ట్యూబా సిటీ, అది నవాహోలనే అమెరికా ఆదివాసీల నేల. ఎదురుగా మోయెన్‌కోపి, అది హోపీలనే ఇంకో ఆదివాసీ తెగ ఊరు. ఎండాకాలంలో హోపీల వైపు ఆరైతే నవాహోల వైపు ఏడు. నడిచి దాటడానికి రెండు మూడు నిమిషాలు చాలు.

ఎందుకంటావా? అమెరికాలో చాలా చోట్ల మార్చి రెండో ఆదివారం గడియారాన్ని గంట ముందుకు జరిపి, నవంబరు మొదటి ఆదివారం మళ్ళీ వెనక్కి తెస్తారు. మా ఫీనిక్స్ ఉన్న అరిజోనా రాష్ట్రం మాత్రం 1968 నుంచి ఆ పని మానేసింది. ఫీనిక్స్‌లో 45 డిగ్రీలు దాటే రోజుల్లో, సాయంత్రం ఎండ ఇంకో గంట ఉండాలని ఎవరు కోరుకుంటారు చెప్పు. కానీ నవాహోల నేల అరిజోనాలోనే ఆగిపోదు, యూటాలోకీ న్యూమెక్సికోలోకీ కూడా పరుచుకుని ఉంది, ఆ రెండు రాష్ట్రాలూ గడియారం మారుస్తాయి. అందుకని నవాహోలు తమ నేలంతటికీ ఒకటే టైం పెట్టుకున్నారు, వాళ్ళూ మారుస్తారు. వాళ్ళ నేల మధ్యలో దీవిలా ఉన్న హోపీలు మార్చరు. ఆ హోపీల నేల లోపల జెడిటో అని మళ్ళీ నవాహోల ముక్క ఒకటి ఉంది, అక్కడ మారుతుంది! 264 మీద తూర్పుకు పోతుంటే గడియారం ముందుకీ వెనక్కీ ఊగుతూనే ఉంటుంది.

మొదట నాకు ఇదంతా తలనొప్పి అనిపించింది. తర్వాత వాళ్ళ కథ తలుచుకుంటే అలా అనిపించలేదు. 1864లో సైన్యం నవాహోల్ని ఇళ్ళ నుంచి వెళ్ళగొట్టి, వందల మైళ్ళు నడిపించి, తూర్పు న్యూమెక్సికోలో ఒక చోట పడేసింది. దారిలో ఎంతోమంది పోయారు. 1868లో ఒప్పందం మీద సంతకాలయ్యాక సొంత నేలకు తిరిగొచ్చారు. అరిజోనా రాష్ట్రమైంది 1912లో. అంటే ముందు వాళ్ళున్నారు, రాష్ట్రాల లెక్క తర్వాత వచ్చింది. వాళ్ళ రాజధాని విండో రాక్ సరిగ్గా న్యూమెక్సికో సరిహద్దు పక్కనే ఉంది. అక్క ఇల్లు గీతకు ఇటు, తమ్ముడి బడి అటు ఉంటే, ఆ గీత చెప్పిన టైం వాళ్ళెందుకు వినాలి? హోపీలు కూడా అంతే, చుట్టూ ఏ టైం ఉన్నా మాది మాకుంటుందన్నారు. నాకు ఇద్దరి మాటా నచ్చింది.

హోపీల పొలాలు చూస్తే నీకు మన చేలు గుర్తొస్తాయి. కాలువ లేదు, బోరు లేదు, ఇసుక నేలలో మొక్కజొన్న గింజను లోతుగా నాటి, దుబ్బుకీ దుబ్బుకీ బోలెడు ఎడం వదులుతారు. వానకోసం చూసే చూపు మాత్రం మన వేరుశనగ రైతుదే.

ఇప్పుడు అసలు సంగతి. ఆదివారం సాయంత్రం ఏడింటికి అమ్మకు ఫోన్ చేస్తానని నీకు తెలుసు కదా. ఫీనిక్స్‌కీ మనకీ ఏడాది పొడుగునా పన్నెండున్నర గంటల తేడా, మారదు, అందుకని అమ్మకు సోమవారం ఏడున్నరకి కాఫీ తాగాక ఫోన్ మోగడం అలవాటు. ఆ రోజు నేను హోపీల వైపు గదిలో ఉన్నాను, నా ఫోనేమో రోడ్డవతలి టవర్ పట్టుకుని నవాహో టైం చూపించింది. ఏడైందనుకుని చేశాను. అక్కడ ఆరున్నర. అమ్మ కల్లాపి చల్లుతోందట, చేతిలో చెంబు అలాగే పట్టుకుని "ఏం నాయనా, అంతా బాగుండారు కదా?" అంది. ఆ గొంతులో వణుకు విన్నాక నాకు నోట మాట రాలేదురా. వేళగాని వేళ దూరం నుంచి ఫోనొస్తే ఆమె మనసు ఎక్కడెక్కడికి పోయిందో! నాన్న పోయినప్పుడు మన ఫోన్లు అలాగే మోగాయి కదా. అరగంట మాట్లాడి, రాళ్ళూ ఎడారీ వీడియోలో చూపిస్తే గానీ ఆమె కుదుటపడలేదు.

రాత్రి సరిగా నిద్ర పట్టలేదు. మర్నాడు పొద్దున ట్యూబా సిటీకి పడమరగా, 160 పక్కనే డైనోసార్ అడుగులున్న చోటికి వెళ్ళాను. ఒక నవాహో పెద్దాయన వెంట వచ్చి, సీసాలో నీళ్ళు రాతి మీద పోశాడు. నీళ్ళు నిండగానే మూడు వేళ్ళ అడుగు నల్లగా తేలింది. దాదాపు 20 కోట్ల ఏళ్ళ నాటిదట, అప్పుడది బురద. నా చెయ్యి పక్కన పెట్టి చూస్తే చిన్నపిల్లాడి చెయ్యిలా ఉంది. నీళ్ళు ఆరిపోయేదాకా అక్కడే కూర్చున్నాను, ఫోన్ తీయలేదు, టైం ఎంతైందో ఈ రోజుకీ నాకు తెలియదు. మన గుండు వెనక కూర్చున్నట్టే ఉందిరా.

ఆఫీసు పని మీద ఈ ఏడు చివర్లో అమెరికా వస్తానన్నావు కదా, వీలైతే అక్టోబరుకే పెట్టుకో. నవంబరు మొదటి ఆదివారం దాటిందంటే నవాహోలు గడియారం వెనక్కి తిప్పేస్తారు, మార్చి దాకా రోడ్డుకు రెండు పక్కలా ఒకటే టైం. ఆలోపు వస్తే ఆ కూడలి దాటిస్తాను. అమ్మను ఓళిగలు చేసివ్వమని చెప్పాను, మర్చిపోకుండా తీసుకురా.

నీ
రఘు