పెద్ద అద్దం చెడింది, టికెట్ తగ్గించాను

మన మాయా వేధశాలకు పిల్లల్ని తీసుకొచ్చే అందరికీ నమస్కారం. సంక్రాంతికి షో మొదలుపెడతామన్న మాట నిలబెట్టుకుంటున్నాను. కానీ పెద్ద టెలిస్కోపు ఉండదు. "అమ్మేసుకున్నారంట" అని చంద్రగిరిలో అప్పుడే ఎవరో అన్నారట. అమ్మలేదు. జరిగింది ఇది.

కొత్తవాళ్ల కోసం ఒక్క ముక్క: మా మేడ మీద గుడారంలో ఒక కథ నడుస్తుంది. రెండు చందమామలున్న లోకం, అక్కడ కొండ కొమ్మున ఒక మంత్రాల వేధశాల, రాలిన చుక్కల్ని ఏరి మళ్లీ ఆకాశంలో అతికించే ఓ ముసలమ్మ. కథ అయ్యాక పిల్లలు బయటికొచ్చి ఆ ముసలమ్మ కంటిలోంచి నిజం ఆకాశాన్ని చూస్తారు. ఆ కన్నే మా ఎనిమిదంగుళాల టెలిస్కోపు.

దాని అడుగున ఉండే అద్దానికి అల్యూమినియం పూత పాతబడింది. అక్టోబరు నుంచి ఈశాన్య రుతుపవనాల వానల్లో మన వైపు ఆకాశం ఎలాగూ సరిగా కనిపించదు కదా అని, అప్పుడు కొత్త పూతకు పంపాను. అది వాక్యూమ్ చాంబర్‌లో, అంటే గాలి తీసేసిన పెట్టెలో చేసే పని. తమిళనాడులోని కావలూరు వేధశాలలో 2.34 మీటర్ల పెద్ద అద్దానికి అక్కడికక్కడే పూత వేసుకునే ఏర్పాటు ఉంది. నా బుల్లి అద్దం పట్టుకుని అలాంటి చోటికి పోలేను కదా, బయట ఇచ్చాను. "వారంలో ఇచ్చేస్తాం సార్" అన్నవాళ్లు దీపావళి దాటించారు, కార్తీకమూ దాటించారు. ఎప్పుడు ఫోన్ చేసినా "పార్సిల్ కడుతున్నాం" అనే మాటే.

చివరికి వచ్చింది, తళతళలాడుతూ. ఆ రాత్రే బిగించి సిరియస్ నక్షత్రం వైపు తిప్పాను. ఫోకస్ కాస్త లోపలికి జరిపితే గుండ్రంగా కనిపించాల్సిన వెలుగు కోడిగుడ్డులా నిలువుగా సాగింది. బయటికి జరిపితే అడ్డంగా పడుకుంది. అద్దాన్ని విప్పి, కొంచెం తిప్పి మళ్లీ బిగించాను. ఆ సాగుడూ దాంతోపాటే తిరిగింది. అంటే లోపం బిగింపులో లేదు, అద్దంలోనే ఉంది. గట్టిగా నిలదీస్తే అప్పుడు చెప్పారు: మరకలు కనిపిస్తే "కొంచెం పాలిష్ పట్టాం సార్, ఫ్రీగానే" అని. అద్దం ఒంపులో వెంట్రుక మందంలో వెయ్యోవంతు తేడా వచ్చినా బొమ్మ చెడుతుంది. దానికి పాలిష్ పట్టారు, నన్ను ఒక్క మాట అడక్కుండా! డబ్బు సంగతి ఇంకా తేలలేదు. తేలుతుందన్న ఆశా నాకు లేదు.

ఇక అసలు టెన్షన్. బాగు కోరేవాళ్లే ఒకాయన సలహా ఇచ్చారు: "గొట్టంలో చిన్న స్క్రీన్ పెట్టి శని ఫొటో చూపించండి. ఎలాగూ మాయా వేధశాలే కదా, పిల్లకాయలకేం తెలుస్తుంది?" కోపం వచ్చిందిగానీ, ఆ సలహా నన్ను చాలా రాత్రులు నిద్రపోనివ్వలేదు. స్కూళ్ల బుకింగులున్నాయి, మేడ అద్దె ఉంది. పైగా ఫొటోలో శని మా టెలిస్కోపులో కంటే బాగుంటుంది, అది ఒప్పుకోవాలి. కానీ మొదటిసారి శని వలయాలు చూసిన పిల్లలు దాదాపు అందరూ అడిగేది ఒకటే: "అంకుల్, ఇది స్టిక్కరా?" కాదమ్మా అని ధైర్యంగా చెప్పడానికే నేను ఈ షో పెట్టుకున్నది. స్క్రీన్ పెడితే ఆ పిల్లకు ఏం చెప్పాలి? పెట్టను. నష్టమొస్తే రానీ.

అందుకని అటక మీదున్న నాలుగంగుళాల టెలిస్కోపు దించాను, బైనాక్యులర్లు కొన్ని తెచ్చాను. చందమామ మీది గుంటలు బాగా కనిపిస్తాయి. గురుగ్రహం, దాని నాలుగు ఉపగ్రహాలు కూడా. 1610లో గెలీలియో వాటిని చూసింది ఇంతకంటే చిన్నదాంతోనే. పిల్లలకోడి చుక్కల గుంపు అయితే బైనాక్యులర్లలోనే అందం. తిరుపతి లైట్ల వెలుగు తూర్పు వైపు కమ్మేసినా దక్షిణం మనకు నల్లగానే ఉంటుంది. తొమ్మిది దాటాక అటు అగస్త్య నక్షత్రాన్ని చూపిస్తాను. ఎండాకాలంలో మీరంతా అడిగే ఒమేగా సెంటారి అనే పెద్ద చుక్కల గుంపు మాత్రం ఈ చిన్నదాంట్లో దాదాపు మసక మచ్చలాగే ఉంటుంది, చుక్కలు విడివిడిగా అంతగా తెలియవు.

టికెట్ సగం చేశాను. ముందే కట్టినవాళ్లకు మిగతా సగం వెనక్కి వేస్తాను, అసలు వద్దనుకుంటే మొత్తం. కొత్త అద్దం వేరేచోట చెప్పాను. తేదీ ఇచ్చారు గానీ, అద్దం చేతికొచ్చి చుక్క గుండ్రంగా కనిపించేదాకా ఆ తేదీ మీకు చెప్పను. షో శని, ఆదివారాలు రాత్రి ఏడింటికి. మబ్బు పడితే సాయంత్రం ఐదులోపు మెసేజ్ వస్తుంది. జాతకాలు చెప్పమని అడగొద్దు, స్క్రీన్ సలహాతో ఇంకెవరూ ఫోన్ చేయొద్దు.