న్యాయవాది ఎమ్మెల్యే అయితే చూడవలసిన లెక్క

సంపాదకులకు నమస్కారం.

తాలూకా కోర్టులో ప్లీడరుగా పేరు తెచ్చుకుని, ఆపై శాసనసభకు ఎన్నికైన వారి గురించి పత్రికలు రాసేటప్పుడు ఎన్ని రోడ్లు వేయించారు, ఎందరికి సిఫారసు ఉత్తరాలు ఇచ్చారు, పిలిచిన పెళ్లికల్లా వెళ్లారా లేదా అన్న లెక్కే ఎక్కువగా కనిపిస్తుంది. ఏ బిల్లులోని ఏ క్లాజుకు (నిబంధనకు) సవరణ ప్రతిపాదించారన్నది మాత్రం అరుదుగా వస్తుంది. న్యాయవాది ఎమ్మెల్యేను ముందుగా కొలవవలసింది ఈ రెండో లెక్కతోనే అని నా అభిప్రాయం.

పాసుపుస్తకంలో ఒక విస్తీర్ణం, దస్తావేజులో మరొకటి, అడంగల్‌లో, అంటే ఊరి భూముల సాగు రికార్డులో, ఎప్పుడో పోయిన తాత పేరు. ఈ కాగితాలన్నీ ఒకే సంచిలో వేసుకుని వచ్చిన రైతుకు ఇంజంక్షన్ (కోర్టు నిషేధాజ్ఞ) దావా వేయాలో, తహసీల్దారుకు అర్జీ పెట్టుకోవాలో చెప్పవలసింది ఊళ్లోని వకీలే. డిక్రీ చేతికొచ్చినా దాని అమలు కోసం మళ్లీ ఈపీ (డిక్రీ అమలు పిటిషన్) వేసి ఏళ్ల తరబడి వాయిదాలకు తిరిగే కక్షిదారులను రోజూ చూసే ఆయనకు, గడువు పెట్టకుండా వదిలేసిన క్లాజు రేపు ఎవరి ప్రాణం తీస్తుందో ఎవరూ విప్పి చెప్పనక్కరలేదు.

రాజమహేంద్రవరంలో సెకండ్ గ్రేడ్ ప్లీడరుగా పనిచేసి, ఆ పట్టణానికే మున్సిపల్ ఛైర్మన్ అయిన టంగుటూరి ప్రకాశం, 1937లో మద్రాసు రెవెన్యూ మంత్రిగా జమీందారీ రైతుల స్థితిగతులపై వేసిన విచారణ సంఘానికి అధ్యక్షత వహించారు. రైతుల సాక్ష్యాలు తీసుకుని, 1908 నాటి ఎస్టేట్స్ ల్యాండ్ చట్టాన్ని పరిశీలించి, భూమి మీద హక్కు సాగుదారుదేనని ఆ సంఘం వాదించింది. జమీందారీ ఎస్టేట్ల రద్దు చట్టం 1948లో గానీ రాలేదు. సైమన్ కమిషన్ రాక నాడు తుపాకీకి ఎదురొడ్డిన ప్రకాశం ఛాతీని తలచుకున్నంతగా మనం ఆ నివేదికను తలచుకోము.

మన కాలంలో ఆంధ్రప్రదేశ్ భూహక్కుల చట్టం సంగతి చూడండి. భూ వివాదాల్లో సివిల్ కోర్టుల పరిధిని తొలగించే నిబంధనపై న్యాయవాదులు కోర్టులు బహిష్కరించి రోడ్డెక్కారు. చివరకు 2024 జూలైలో శాసనసభ ఆ చట్టాన్నే రద్దు చేసింది. కోర్టు గేటు బయట టెంటు వేసుకుని చెప్పిన ఆ అభ్యంతరాలు, బిల్లు సభ ముందున్నప్పుడే క్లాజుల వారీ చర్చలో తేలవలసినవి. బిల్లును సెలెక్ట్ కమిటీకి, అంటే దాన్ని వివరంగా పరిశీలించే సభ్యుల సంఘానికి, పంపమని పట్టుబట్టే సభ్యుడు అధికార పక్షంలో ఉన్నా ప్రతిపక్షంలో ఉన్నా, మూజువాణి ఓటుతో నిమిషాల్లో బిల్లులు గట్టెక్కే అలవాటుకు కొంతైనా అడ్డుకట్ట పడుతుంది.

చట్టసభ సభ్యులు న్యాయవాద వృత్తి కొనసాగించవచ్చునని 2018 సెప్టెంబరులో సుప్రీంకోర్టు చెప్పింది. దానితో నాకు పేచీ లేదు. అయితే తన కక్షిదారుకు లాభించే బిల్లుపై మాట్లాడే సభ్యుడు ఆ సంగతి సభకు ముందే చెప్పడం మర్యాద.

సమావేశాలు జరిగే రోజుల్లో మీ జిల్లా పేజీలో, స్థానిక సభ్యులు ఏ బిల్లుపై మాట్లాడారో, ఏ సవరణ కోరారో, అది నెగ్గిందో వీగిందో నాలుగు వాక్యాల్లో ప్రచురించవలసిందిగా మనవి.

ఇట్లు,
ఒక న్యాయవాది