మన అనంతశయనం అయ్యంగార్ గారి గురించి

అందరికీ నమస్కారం. నిన్న గ్రూపులో కొత్తగా నల్లకోటు వేసుకున్న తమ్ముళ్లు, వకీలు చట్టసభకు వెళ్లి ఏం సాధించగలడని అడిగారు. దూరం వెళ్లనక్కర్లేదు, మన తిరుచానూరు బిడ్డనే చూడండి.

మాడభూషి అనంతశయనం అయ్యంగార్ గారు మొదట లెక్కల మాస్టారు. 1915లో న్యాయవాద వృత్తిలోకి వచ్చారు, 1934లో కేంద్ర శాసనసభకు ఎన్నికయ్యారు. స్వాతంత్ర్యోద్యమంలో జైలుకెళ్లారు. 1952లో తిరుపతి నుంచి, 1957లో చిత్తూరు నుంచి లోక్‌సభకు గెలిచారు. 1956లో అప్పటి లోక్‌సభ స్పీకర్ మావలంకర్ గారు కన్నుమూశాక స్పీకరయ్యారు.

నన్ను కదిలించేది 1957 డిసెంబరు. ప్రభుత్వ జీవిత బీమా సంస్థ (ఎల్‌ఐసీ) సొమ్ము వ్యాపారి హరిదాస్ ముంద్రా కంపెనీల్లోకి ఎలా వెళ్లిందని ఫిరోజ్ గాంధీ సభలో నిలదీశారు. అడిగింది అధికార పక్ష సభ్యుడే, ఇరుకున పడింది సొంత ప్రభుత్వమే. అప్పుడు స్పీకర్ స్థానంలో ఉన్నది మన అయ్యంగార్ గారు. చర్చ సాగింది, విచారణ జరిగింది, 1958లో ఆర్థిక మంత్రి రాజీనామా చేశారు. అధ్యక్ష స్థానం నోరు నొక్కి ఉంటే ఇదంతా జరిగేదా?

తర్వాత బీహార్ గవర్నరుగానూ పనిచేశారు.

పెద్దల ఇళ్లలో ఆయన ఫోటోలు, ఉత్తరాలు ఉంటే దయచేసి ఇక్కడ పెట్టండి.