రాజీనామా రాసే ముందు ఇది చదువు

అమ్మలూ,

మొన్న రాత్రి ఫోన్లో నువ్వడిగినదానికి సరిగ్గా జవాబు చెప్పలేకపోయాను. "మీ ఆయన్ని అడుగు, అన్నయ్యని అడుగు" అని దాటేశాను. ఆ రాత్రి నిద్ర పట్టలేదు. ఇరవై ఏళ్ళకి దగ్గరపడుతున్న సర్వీసు, గవర్నమెంటు స్కూల్లో టీచరు ఉద్యోగం వదిలేసి కౌన్సిలర్‌గా నిలబడమని మన వీధివాళ్ళు అంటున్నారని నువ్వు చెప్పగానే నాకు ముందు గుర్తొచ్చింది పెన్షన్. అమ్మని కదా, అదే గుర్తొస్తుంది. తెల్లవారుజామున మాత్రం ఇంకో మనిషి గుర్తొచ్చారు. ఆయన గురించి నీకెప్పుడూ చెప్పలేదు.

నువ్వు రెండో తరగతిలో ఉండగా నాకు మాహే ట్రాన్స్‌ఫర్ వచ్చింది. నిన్ను యానాంలో అమ్మమ్మ దగ్గర వదిలి వెళ్ళాను. కాకినాడలో రైలెక్కి చెన్నైలో దిగి, అక్కడ మంగళూరు వైపు వెళ్ళే రైలు పట్టుకుంటే మర్నాటికి మాహే. స్టేషన్ బోర్డు మీద మాహే అనే రాసి ఉంటుంది, దిగి చూస్తే అది కేరళ. మాహే ఊరు స్టేషనుకి కాస్త అవతల మొదలవుతుంది. అంత చిన్నది. మొత్తం కలిపి తొమ్మిది చదరపు కిలోమీటర్లు, అది కూడా ఒక్క ముక్కగా లేదు. పాండిచ్చేరి, కారైకాల్, మాహే, యానాం, ఈ నాలుగూ ఒకే ప్రభుత్వం కింద ఎందుకున్నాయో నీకు తెలుసు. నాలుగూ ఫ్రెంచివాళ్ళవి. కానీ గోదారి ఒడ్డు నుంచి వెళ్ళినదాన్ని, మలయాళం ముక్క రాదు, ఎర్ర బియ్యం అన్నం గొంతు దిగదు. మొదటి నెలంతా ఏడుస్తూనే ఉన్నాను.

అక్కడ ఎవరి నోట విన్నా "మాష్" అనే మాట వినపడేది. మనం మేష్టారు అన్నట్టు వాళ్ళు మాష్ అంటారు. మాష్‌లు ఊరినిండా ఉన్నారు గానీ, పేరు చెప్పకుండా ఒట్టి మాష్ అంటే ఒక్కరే. ఐ.కె. కుమారన్. 1903లో పుట్టారు, నేను వెళ్ళేసరికి తొంభై దాటాయి. పేపర్లు "మయ్యళి గాంధీ" అని రాసేవి. మాహేని వాళ్ళు మయ్యళి అంటారు, ఆ పక్కనే పారే నది పేరూ అదే. ఆయన్ని చూడాలని అనుకుంటూనే మూడేళ్ళు గడిపేశాను, వెళ్ళలేదు. 1999లో ఆయన పోయారని విన్నప్పుడు నేను యానాంలో ఉన్నాను. ఆ రోజు పడిన బాధ ఇప్పటికీ పోలేదు.

మా ఆఫీసులో పనిచేసే ఒక పెద్దాయన మధ్యాహ్నం టిఫిన్ బాక్సు ముందు కూర్చుని మాష్ కథ చెప్పేవాడు. వచ్చీరాని హిందీ, కొంచెం ఇంగ్లీషు, మిగతాది చేతులతో. అందుకే నాకు బాగా గుర్తుండిపోయింది.

మాష్ బడిపంతులు. 1934లో గాంధీగారు మాహే వచ్చి వెళ్ళాక ఆ ఊళ్ళో కుర్రాళ్ళలో కదలిక వచ్చింది. 1938లో ఫ్రెంచి పాలనకి ఎదురుగా మహాజనసభ పెట్టారు. దాన్ని ముందుండి నడిపినవాళ్ళలో ఈయన ఒకరు. ఇప్పుడు నేను చెప్పేది జాగ్రత్తగా చదువు, నీకు చెప్పాలనుకున్నది ఇక్కడే ఉంది. 1948 అక్టోబరులో గొడవ ఎక్కడ మొదలైందో తెలుసా? మునిసిపల్ ఎన్నికల దగ్గర. ఇప్పుడు నిన్ను నిలబడమంటున్నారే, అలాంటి ఎన్నికల దగ్గరే. ఓటర్లకి ఇచ్చే గుర్తింపు కార్డులు ఫ్రెంచి పక్షంవాళ్ళకే అందుతున్నాయని, మిగతావాళ్ళకి ఇవ్వడం లేదని జనం తిరగబడ్డారు. ఒక కార్డు ముక్క కోసం ఊరు ఊరంతా ఆఫీసు మీదికి వెళ్ళింది. పాలన మొత్తం జనం చేతికొచ్చింది. ముందు నిలబడ్డది పలకా బలపం పట్టించిన మనిషి.

అది నిలవలేదు. వారం తిరక్కుండానే ఫ్రెంచి యుద్ధనౌక వచ్చి మాహే ముందు లంగరు వేసింది. మాష్, ఆయన మనుషులు ఊరు దాటి అప్పటి మద్రాసు రాష్ట్రంలోకి వెళ్ళిపోయారు. దాటి అంటే ఎంతో దూరం కాదు. మాహే చుట్టూ ఉన్నది మన దేశమే. కోర్టు ఆయన లేకుండానే ఇరవై ఏళ్ళ జైలుశిక్ష వేసింది.

ఈ దగ్గర పెద్దాయన అన్నం కలపడం ఆపేసేవాడు. సొంత ఊరు కళ్ళముందు ఉంటుంది, గుడి గంట వినపడుతుంది, అడుగు పెడితే అరెస్టు. ఏళ్ళ తరబడి అలా ఉండాలి. మూడేళ్ళు నిన్ను చూడకుండా ఉండలేక నేను ఎంత ఏడ్చానో తలచుకుంటే, ఆ మనిషి గుండె ఎలాంటిదో అనిపిస్తుంది.

1954లో అంతా ఒక్కసారిగా కదిలింది. ఏప్రిల్ నెలాఖరున మాహేకి చెందిన చెరుకల్లాయిలో ఫ్రెంచి పోలీసుల కాల్పుల్లో అచ్యుతన్, ఆనందన్ అనే ఇద్దరు చనిపోయారు. జూన్ 13న మన యానాం ఫ్రెంచివాళ్ళ చేతుల్లోంచి బయటపడింది. దానికి ముందు నిలిచిన దడాల రఫేల్ రమణయ్య గారి పేరు నువ్వు పిల్లలకి చెప్తూనే ఉంటావు, నేను మళ్ళీ చెప్పక్కర్లేదు. జులై 16న మాహే. జనాన్ని వెంటబెట్టుకుని మాష్ నడిచి వచ్చారు, ఫ్రెంచి అధికారి ఊరు అప్పగించి ఓడెక్కి వెళ్ళిపోయాడు. మనకీ వాళ్ళకీ మధ్య నెల రోజులే తేడా. నవంబరు 1న నాలుగు ఊళ్ళ పాలనా భారత ప్రభుత్వం చేతికి వచ్చింది. అంతకుముందు ఆ సంధికాలంలో మాహే పాలన చూసింది మాషే. జైలుశిక్ష పడ్డ మనిషి ఆ ఊరికే పాలకుడయ్యారు. తర్వాత పాండిచ్చేరి శాసనసభకి కూడా ఎన్నికయ్యారు.

ఇంత చిన్న చోట రాజకీయం ఎలా ఉంటుందో పెద్ద ఊళ్ళవాళ్ళకి అర్థం కాదు. 2011 జనాభా లెక్కల్లో మాహేలో 41,816 మంది, యానాంలో 55,626 మంది. ఓటు అడగడానికి వెళితే తలుపు తీసేది నీ పాత విద్యార్థి. వాడు ఏ సబ్జెక్టులో తప్పాడో నీకు తెలుసు, నువ్వు ఏ రోజు వాణ్ణి అన్యాయంగా కొట్టావో వాడికి తెలుసు. గెలిచాక ముఖం తప్పించుకుందామంటే వేరే దారి ఉండదు, మార్కెట్టుకైనా గుడికైనా అదే వీధి. పాఠం చెప్పేటప్పుడు వెనక బెంచీలో కూర్చున్నవాడి ముఖం చూసి అర్థమైందో లేదో కనిపెడతావు చూడు, ఆ చూపే అక్కడా కావాలి. మాష్ మీద అన్నేళ్ళ తర్వాత కూడా ఆ గౌరవం అలాగే ఉండటానికి కారణం అదే అనుకుంటున్నాను. ఎమ్మెల్యే అయ్యాక కూడా జనం ఆయన్ని మాష్ అనే పిలిచారు.

ఇప్పుడు నా సంగతి ఒకటి చెప్పాలి. మీ నాన్నగారికి తప్ప ఎవరికీ తెలియదు.

నా సర్వీసులో ఒక ఆఫీసులో ఉన్నప్పుడు, ఏ ఊరో వద్దులే, ఒక మత్స్యకారుల ఇంటి ముసలావిడ వితంతు పెన్షన్ కోసం తిరిగేది. రేషన్ కార్డులో ఇంటిపేరు ముందుంది, ఇంకో కాగితంలో చివర ఉంది. అంతే తేడా. ఆ ఫైలు నా పక్క టేబుల్ మీదే ఉండేది. ఆవిడ కాళ్ళీడ్చుకుంటూ వచ్చి, గుమ్మం దగ్గర చెప్పులు విప్పి నిలబడేది. "రేపు రామ్మా" అనేవాళ్ళు. అది తప్పని నాకు తెలుసు. ఒక్క అఫిడవిట్టుతో అయిపోతుందని కూడా తెలుసు. పై అధికారికి కోపం వస్తుందని, మళ్ళీ ఎక్కడికి ట్రాన్స్‌ఫర్ చేస్తారో, మళ్ళీ నిన్ను వదిలి వెళ్ళాలేమోనని నోరు మూసుకున్నాను. ఏడెనిమిది నెలలు తిరిగింది. ఒకరోజు నుంచి రావడం మానేసింది. చనిపోయిందని తర్వాత వాళ్ళబ్బాయి వచ్చి చెప్పాడు. మాకేమైనా వస్తుందా అని అడగలేదు, కాగితాలు వెనక్కి ఇమ్మన్నాడు, అంతే.

ఆ కుర్రాడి చేతికి కాగితాలు ఇచ్చింది నేనే. కార్డు ముక్క కోసం ఊరంతా లేచిన కథ తెలిసి కూడా, ఇంకో కాగితం ముక్క దగ్గర నేను లేవలేకపోయాను.

మన దగ్గర మునిసిపల్ ఎన్నికలు 1968లో జరిగాయి. మళ్ళీ జరిగింది 2006లో. మధ్యలో ముప్పై ఎనిమిదేళ్ళు. నా ఉద్యోగమంతా దాదాపు అందులోనే గడిచింది. ఆ ముసలావిడ లాంటివాళ్ళు వెళ్ళి అడగడానికి వార్డు మెంబరంటూ ఎవరూ లేని రోజులవి. 2006లో గెలిచినవాళ్ళ గడువు 2011తో ముగిసింది, ఆ తర్వాతా అంతే, ఏళ్ళకేళ్ళు గడిచిపోతున్నాయి. అందుకే ఈసారి ఎన్నికలు వస్తాయంటే మన వీధివాళ్ళు నీ దగ్గరికి వచ్చారు. వాళ్ళు నిన్ను ఊరికే అడగలేదమ్మా. నువ్వు వాళ్ళ పిల్లల టీసీల కోసం, స్కాలర్‌షిప్ ఫారాల కోసం తిరగడం చూశారు.

నాకు భయం లేదని అనను. నువ్వు ఓడిపోతే ఉద్యోగమూ ఉండదు. గెలిస్తే శత్రువులు ఉంటారు. నిన్న దాకా టీచరుగారూ అన్నవాళ్ళే నీ ఇంటి గేటు ముందు నిలబడి మాటలంటారు. అల్లుడుగారి మీద, పిల్లల మీద ఆ టెన్షన్ పడుతుంది. ఇవన్నీ కూర్చుని అతనితో మాట్లాడు. డబ్బు విషయం దాచకుండా మాట్లాడు. బ్యాంకులో నా పేర ఉన్న ఫిక్స్‌డ్ డిపాజిట్ నీదే. అన్నయ్యతో చెప్పాను, వాడు సరేనన్నాడు.

వెళ్ళొద్దని మాత్రం నేను చెప్పను. ఆ మాట మొన్న ఫోన్లో నోటిదాకా వచ్చింది, మింగేశాను.

ఒక్కటి చెయ్యి. ఎన్నికల తేదీలు వచ్చేదాకా కాగితం ఇవ్వకు. వార్షిక పరీక్షలలోపు వస్తే, నీ తొమ్మిదో తరగతి వాళ్ళకి లెక్కల్లో ఎన్ని పాఠాలు మిగిలాయో రాసి, వెనకబడ్డ పిల్లల పేర్లు విడిగా రాసి, నీ తర్వాత వచ్చే టీచరు చేతికి ఇచ్చి రా. నువ్వు రాసిన ఆ పేర్ల కాగితం నకలు ఒకటి నా దగ్గరికి పంపు. సంక్రాంతికి నేను వచ్చేసరికి ఆ పిల్లల ఇళ్ళకి ఇద్దరం కలిసి వెళదాం. ఓట్ల కోసం కాదు, సాయంత్రం ట్యూషన్ మన వరండాలో నేను చెప్తానని వాళ్ళ అమ్మలతో చెప్పడానికి.

పనసపొట్టు దొరికితే తీసి ఉంచు. ఇక్కడ హైదరాబాదులో దొరికేది ఆ రుచి రావడం లేదు.

మీ
అమ్మ